వాచీ చెప్పకముందే కాళ్లకు తెలియాలి

1600 మీటర్లు. 7 నిమిషాల 15 సెకన్లు. 2022 నోటిఫికేషన్‌లో తెలంగాణ పోలీసు నియామక మండలి మగ అభ్యర్థులకు పెట్టిన పరుగు ఇది. ఆడపిల్లలకు 800 మీటర్లు, 5 నిమిషాల 20 సెకన్లు. చొప్పదండి, గంగాధర, రామడుగు గ్రౌండ్లలో తెల్లారకముందే ఉరికే పిల్లలను నిద్రలో లేపి అడిగినా ఈ అంకెలు తడుముకోకుండా చెప్తారు.

ఆ ఏడాది డిసెంబరులో ఈవెంట్స్, అంటే దేహదారుఢ్య పరీక్షలు, మొదలైనప్పుడు కరీంనగర్ కూడా ఒక కేంద్రం. లోపలికి పోయిన అభ్యర్థి మణికట్టుకు ఆర్‌ఎఫ్‌ఐడీ చిప్ ఉన్న బ్యాండు కట్టారు. గీత దగ్గర పెట్టిన రీడర్ రేడియో తరంగం పంపుతుంది, చిప్ తన నంబరు చెప్తుంది, కంప్యూటర్ టైము రాసుకుంటుంది. మనిషి స్టాప్‌వాచ్ నొక్కే పని లేదు, పైరవీకి చోటు లేదు. అంతవరకు చాలా మంచిది. కానీ ఆ బ్యాండుకు తెర ఉండదు. ఎంత దూరం వచ్చారో చూపించదు, గుండె ఎంత కొట్టుకుంటున్నదో చెప్పదు, "ఇంకొంచెం ఉరుకు తమ్మీ" అనదు. అది లెక్క రాసేది బోర్డు కోసం. మీ కోసం రాసే పరికరం ఆ రోజు మీ చేతికి ఉండదన్న లెక్కతోనే తయారు కావాలి.

నెలల తరబడి అడుగడుగుకూ వాచీ చూసుకుంటూ ఉరికినవాడు అసలు రోజున ఉత్త చేత్తో గీత మీద నిలబడితే ఏమవుతుంది? మొదటి రౌండులో ఎంత వేగంతో పోవాలో తోచదు. పక్కవాళ్ల వెంట పడతాడు. మూడో రౌండులో కాళ్లు బరువెక్కుతాయి. అందుకే వాచీ, ఫోన్, యాప్, గుండె బెల్టు, ఏది వాడినా ఒకటే షరతు: కొన్ని నెలల తర్వాత అది లేకున్నా పని నడిచేటట్టు వాడాలి. ఈ షరతుకు నిలిచిన ఫీచర్‌ను ఉంచుకోండి. నిలవనిదాన్ని ఆఫ్ చేయండి.

ముందు నేలను కొలవండి

యాప్‌లో 1.6 కిలోమీటర్లు పడగానే ఆగి "ఏడు నిమిషాలకే కొట్టిన అన్నా" అనే పిల్లలు ప్రతి గ్రౌండ్‌లోనూ ఉంటారు. ఆ సంబరం కొంచెం ఆపాలి. ఆకాశం తేటగా కనపడే చోట మామూలు ఫోన్ జీపీఎస్ మీరున్న చోటును దాదాపు 5 మీటర్ల తేడాతో చెప్తుంది. మీరు ఉరికేటప్పుడు అది మీ దారిని చుక్కలుగా తీసుకుని, చుక్కలను గీతలతో కలిపి దూరం లెక్కగడుతుంది. ప్రతి చుక్కా అటో ఇటో జరిగి పడేదే. వేపచెట్ల కింద, రెండంతస్తుల ఇళ్ల పక్కన ఇంకా జరుగుతుంది. గ్రౌండ్ చుట్టూ వంపు తిరిగినప్పుడు వంపును అడ్డంగా కోసేస్తుంది. నాలుగు రౌండ్లు తిరిగేసరికి కొన్ని పదుల మీటర్ల తేడా వచ్చినా ఆశ్చర్యం లేదు. 7:15 వేగంలో 30 మీటర్లంటే 8 సెకన్లు. పాసైనవాడికీ తప్పినవాడికీ మధ్య అంతకంటే తక్కువే ఉండవచ్చు.

ట్రాక్ మీద ఉరికేవాళ్లకు ఇంకో చిక్కు. 400 మీటర్ల ట్రాక్‌లో ఆ 400 లెక్క మొదటి లేనుకే. ఎనిమిదో లేనులో ఒక రౌండు దాదాపు 453 మీటర్లు. ఎవరూ అడ్డం రావద్దని బయటి లేను పట్టుకుని రెండు రౌండ్లు ఉరికిన పిల్ల 100 మీటర్లకు పైగా అదనంగా ఉరికి, "నాకు టైమింగ్ వస్తలేదు" అని ఏడ్చుకుంటూ ఇంటికి పోతుంది. ఆమెకు కావలసింది కొత్త యాప్ కాదు, ట్రాక్ కొలత చెప్పే మనిషి.

ట్రాక్ లేని ఊరికి రోడ్డు ఉంది. మన పెద్ద రోడ్ల పక్కన కిలోమీటరు రాళ్ల నడుమ 200 మీటర్లకొకటి చొప్పున చిన్న రాళ్లు నాటి ఉంటాయి, 2, 4, 6, 8 అంకెలతో. అటువంటి ఎనిమిది ఖాళీలు కలిస్తే సరిగ్గా 1600 మీటర్లు. రోడ్డు వెడల్పు చేసినప్పుడు రాళ్లు జరిగి ఉండొచ్చు కాబట్టి ఒకసారి టేపు పెట్టి చూసుకోండి. కరీంనగర్ నుంచి చొప్పదండి మీదుగా పోయే రోడ్డు మీద చీకట్లో గ్రానైట్ లారీల పక్కన ఉరకమని మాత్రం నేను చెప్పను. ఆ కొలతను ఊరి లోపలి రోడ్డుకు తెచ్చుకోండి. బడిలో పీఈటీ సారు దగ్గర టేపు ఉంటుంది. ఇద్దరు పట్టుకుంటే గంటలో పని అయిపోతుంది. 200 మీటర్లకొక సున్నపు గీత గీయండి. ఇక ఆ గీత ఎండకు, మబ్బుకు, బ్యాటరీకి మారదు.

జీపీఎస్‌ను తీసిపారేయమనడం లేదు. పొలాల మధ్య అయిదారు కిలోమీటర్లు మెల్లగా ఉరికే రోజున అది చాలు. పది ఇరవై మీటర్ల తేడాతో అక్కడ వచ్చే నష్టమేమీ లేదు. ముందు ముందు ఇంకా మెరుగవుతుంది కూడా. శ్రీహరికోట నుంచి 2023 మే 29న పైకి పోయిన ఎన్‌వీఎస్-01 ఉపగ్రహం మన సొంత నావిక్ వ్యవస్థకు ఎల్1 అనే కొత్త ఫ్రీక్వెన్సీని తెచ్చింది. చేతి వాచీల వంటి చిన్న పరికరాలకు అనువుగా ఉండాలన్నదే దాని ఉద్దేశం. అటువంటి ఉపగ్రహాలు పెరిగేదాకా ఈవెంట్స్ సాధనకు సున్నపు గీతే గట్టి సాక్ష్యం.

చూడకుండా చెప్పే సాధన

నేల కొలిచాక అంకెలను చిన్నగా కోయండి. 1600 మీటర్లను 7:15లో ముగించాలంటే ప్రతి 200 మీటర్లకు 54 సెకన్లు. ఆడపిల్లల 800 మీటర్లకైతే 200కు 80 సెకన్లు. సైన్యంలో అగ్నివీర్ పరుగులో 5 నిమిషాల 30 సెకన్లలోపు 1.6 కిలోమీటర్లు ముగిస్తే పూర్తిగా 60 మార్కులు. అక్కడ 200కు 41 సెకన్లు. ఏడుంబావు నిమిషాలు అనేది బుర్రలో పట్టదు. 54 సెకన్లు పడుతుంది. కాళ్లకు ఇంకా తొందరగా పడుతుంది.

ఇప్పుడు అసలు సాధన. వాచీ తెరను మణికట్టు లోపలి వైపుకు తిప్పి కట్టుకోండి. ఫోన్ అయితే జేబులో పెట్టి, గీత దగ్గర ఒక దోస్తును నిలబెట్టండి. 200 మీటర్లు ఉరికి గీత దాటగానే, తెర చూడకముందు, మీ అంచనా బయటికి చెప్పండి: "యాభై రెండు." తర్వాత చూడండి. నలభై ఆరు ఉంటుంది. మొదట్లో అందరికీ ఇంతే; ఒంట్లో సత్తువ ఉన్నప్పుడు వేగం తక్కువగానే అనిపిస్తుంది. అంచనా ఒక పక్క, అసలు ఒక పక్క నోటుబుక్కులో రాయండి. కొంచెం నడిచి, ఊపిరి కుదుటపడ్డాక మళ్లీ ఉరకండి. వారంలో రెండు రోజులు ఈ పని చేస్తే చాలు.

ఆ రెండు గళ్ల మధ్య తేడా వారం వారం తగ్గుతుంటే మీరు సరైన దారిలో ఉన్నట్టు. వేగం పెరగకున్నా సరే, తేడా తగ్గడమే మొదటి గెలుపు. వేగాన్ని గుర్తుపట్టడం వచ్చినవాడికి దాన్ని పెంచడం తేలిక. గుర్తుపట్టడం రానివాడు పెంచినా నిలుపుకోలేడు.

తేడా రెండు సెకన్లలోపుకు వచ్చాక కష్టం పెంచండి. అలసిన కాళ్లతో, అంటే మూడో రౌండులో, నాలుగో రౌండులో అంచనా చెప్పండి. అక్కడ లెక్క తిరగబడుతుంది: ఒళ్లు అలసినప్పుడు చాలా వేగంగా పోతున్నట్టే ఉంటుంది, గడియారం మాత్రం 60 చూపిస్తుంది. ఆ తర్వాత మందలో చేయండి. ఒక దోస్తుకు ముందే చెప్పి పెట్టండి, మొదటి 200 మీటర్లు ఊపుగా 42లో ఉరకమని. మీ పని అతని వెంట పడకుండా మీ 54లోనే ఉండటం. పక్కవాడు దాటిపోతుంటే చూస్తూ ఉండటం ఎంత కష్టమో అప్పుడు తెలుస్తుంది. చాలామంది బ్యాచ్‌లో ఓడిపోయేది ఊపిరి చాలక కాదు, ఆ మొదటి నూరు మీటర్ల రోషానికి.

కొన్ని వాచీల్లో వేగం తప్పితే వణికి చెప్పే ఏర్పాటు ఉంటుంది. మొదటి రెండు వారాలు పెట్టుకోండి. తర్వాత తీసేయండి. అది ఉన్నంతకాలం కాళ్లు నేర్చుకోవు, మణికట్టు వణికేదాకా ఎదురుచూస్తాయి.

రోజూ పరీక్ష రాస్తే చదివేదెప్పుడు?

మన పిల్లల సాధనలో నాకు కనిపించే పెద్ద లోపం బద్ధకం కాదు, అతి. రోజూ పొద్దున గ్రౌండ్‌కు పోవుడు, 1600 మీటర్లు ప్రాణం పెట్టి ఉరుకుడు, టైము చూసుకొని సంతోషపడుడో బాధపడుడో. ఇది సాధన కాదు, రోజూ ఫైనల్ పరీక్ష. నార్వేలో పనిచేసే శాస్త్రవేత్త స్టీఫెన్ సీలర్ ప్రపంచ స్థాయి దూరపు పరుగువాళ్లు, స్కీయింగ్, పడవ పందేలవాళ్లు ఎట్లా సాధన చేస్తారో ఏళ్ల తరబడి చూశాడు. వాళ్ల సాధనలో దాదాపు 80 శాతం మెల్లగా, సులువుగా సాగేదే. గట్టి కష్టం మిగిలిన 20 శాతంలోనే. ప్రపంచ విజేతలు ఇంత మెల్లగా ఉరుకుతుంటే మనకు రోజూ రోషమెందుకు?

మెల్లగా అంటే ఎంత మెల్లగా? ఇక్కడ గుండె సెన్సార్ నిజంగా పనికొస్తుంది. గుండె గరిష్ఠ వేగానికి అందరూ చెప్పే సూత్రం 220లో నుంచి వయసు తీసేయడం. 2001లో తనాకా బృందం ఇచ్చిన సూత్రం ఇంకొంచెం నయం: 208లో నుంచి, వయసును 0.7తో గుణించి వచ్చినదాన్ని తీసేయాలి. 22 ఏళ్ల అభ్యర్థికి మొదటిది 198 అంటే, రెండోది 193 అంటుంది. ఏ సూత్రమైనా సగటు మనిషి కోసమే. మీ గుండె అంతకంటే పది ఎక్కువో తక్కువో ఉండొచ్చు. సులువు పరుగుకు గరిష్ఠంలో 75 శాతం దాటవద్దనుకుంటే ఈ అభ్యర్థికి హద్దు 145. వాచీ 160 చూపిస్తే మెల్లగా పొమ్మని అర్థం. నడవాల్సి వస్తే నడవండి. సిగ్గేమీ లేదు.

వాచీ లేనివాళ్లు ఏం పోగొట్టుకున్నట్టు? ఏమీ లేదు. పక్కన ఉరికే దోస్తుతో పూర్తి వాక్యాలు మాట్లాడగలిగితే మీ వేగం సులువు వేగమే. మూడు మాటలకొకసారి ఊపిరి కోసం ఆగుతుంటే హద్దు దాటారు. వాచీ ఉన్నవాళ్లు కూడా ఈ రెండింటినీ జోడించి చూడాలి: 145 దగ్గర మాట ఎట్లా వస్తున్నది, 160 దగ్గర ఎట్లా తెగుతున్నది? కొన్నాళ్లకు మాట విని అంకె చెప్పగలుగుతారు.

ఆ అంకెనైనా గుడ్డిగా నమ్మవద్దు. మణికట్టు వాచీ వెనక పచ్చ లైట్లు మిణుకుమిణుకుమంటాయి కదా, వాటి వెలుగు చర్మం కింద రక్తం మీద పడి తిరిగి వస్తుంది. గుండె కొట్టుకున్నప్పుడల్లా రక్తం పొంగి వెలుగు కొంచెం తగ్గుతుంది. దాన్ని లెక్కబెట్టి వాచీ గుండె వేగం చెప్తుంది. వాచీ వదులుగా ఉంటే చేతి ఊపే ఆ పొంగులాగా కనపడుతుంది. అప్పుడది గుండెను వదిలేసి మీ అడుగులను లెక్కబెట్టి నిమిషానికి 170 అని చూపిస్తుంది. మెల్లగా ఉరుకుతున్నా గుండె ఒక్కసారిగా 170కి ఎగబాకి అక్కడే నిలబడితే అనుమానించాల్సింది వాచీని. నల్లని చర్మం మీద ఇవి సరిగ్గా పనిచేయవేమో అని కొందరికి సందేహం. అమెరికాలో డ్యూక్ యూనివర్సిటీవాళ్లు 2020లో అచ్చువేసిన అధ్యయనంలో చర్మం రంగుతో చెప్పుకోదగ్గ తేడా కనపడలేదు. ఒళ్లు కదులుతున్నప్పుడే, కూర్చున్నప్పటికంటే, తప్పు ఎక్కువ వచ్చింది. కాబట్టి మణికట్టు ఎముకకు రెండు వేళ్ల పైన బిగుతుగా కట్టండి. కొండగట్టు నుంచో వేములవాడ నుంచో తెచ్చి కట్టుకున్న దారాలుంటే వాచీ వాటి మీద కాకుండా ఇంకా పైకి పోవాలి. సెన్సార్ కింద పచ్చబొట్టు ఉంటే చేయి మార్చండి. డిసెంబరులో, అందులోనూ ఆదిలాబాద్ వైపు చలిలో, చర్మానికి రక్తం సరిగ్గా రాదు. ఒళ్లు వేడెక్కేదాకా చూపించే అంకె లెక్కలోకి తీసుకోకండి. నిక్కచ్చిగా కావాలనుకుంటే ఛాతీ బెల్టు ఉంది. అది గుండె విద్యుత్ సంకేతాలనే పట్టుకుంటుంది. ఫిన్లాండ్ కంపెనీ పోలార్ 1980ల మొదట్లోనే తీగల్లేని ఇటువంటి బెల్టులు తెచ్చింది. ఇవేవీ లేకుంటే ఆగిన వెంటనే మెడ మీద రెండు వేళ్లు పెట్టి 15 సెకన్లు లెక్కబెట్టి నాలుగుతో గుణించండి. ఖర్చు లేని సెన్సార్ అది.

గుండె అంకెల్లో నేను అన్నిటికంటే ఎక్కువ విలువిచ్చేది పరుగులో వచ్చేది కాదు. పొద్దున మంచం దిగకముందు వచ్చేది. రోజూ 58 దగ్గర ఉండేది రెండు రోజులుగా 68 చూపిస్తే ఒళ్లు ఏదో చెప్తున్నట్టే: నిద్ర చాలలేదు, నీళ్లు చాలలేదు, జ్వరం వస్తున్నది, లేదా సాధన ఎక్కువైంది. ఆ పొద్దున గట్టి పరుగు మానుకోండి.

ఎండ లెక్క వేరు

మార్చి దాటితే పై అంకెలన్నీ మళ్లీ రాసుకోవాలి. కరీంనగర్, జగిత్యాల, రామగుండం పేర్లు మే నెలలో 45 డిగ్రీల వార్తల్లో కనపడటం మనకు కొత్త కాదు. ఎండలో గుండెకు రెండు పనులు. కండరాలకు రక్తం పంపాలి, ఒళ్లు చల్లబడేందుకు చర్మానికీ పంపాలి. చెమట కారేకొద్దీ రక్తంలో నీరు తగ్గుతుంది, కాబట్టి ఎక్కువసార్లు కొట్టుకోవాలి. డిసెంబరులో 145 దగ్గర సాగిన వేగానికే మేలో 160 అవుతుంది. మీ సత్తువ తగ్గిపోలేదు. ఎండ తన వాటా తీసుకుంది. అటువంటప్పుడు వేగం పట్టించుకోకుండా గుండెను, మాటను బట్టి ఉరకండి. పాత వేగం పట్టుకుని వేలాడే మొండితనం వడదెబ్బకు దారి.

వాతావరణం కోసం ఫోన్‌లో వచ్చే ఏదో పట్నం లెక్క చూడటం కంటే మన మండలం లెక్క చూడటం మేలు. తెలంగాణ డెవలప్‌మెంట్ ప్లానింగ్ సొసైటీ రాష్ట్రమంతా మండలాల్లో ఆటోమేటిక్ వాతావరణ కేంద్రాలు పెట్టింది. ఉష్ణోగ్రతతో పాటు గాలిలో తేమ కూడా చూడండి. వర్షాకాలం ఉక్కపోతలో 32 డిగ్రీలే ఉన్నా చెమట ఆరదు, ఒళ్లు చల్లబడదు.

వాచీలో ఉష్ణోగ్రత చూపించే సెన్సార్ ఉంటే అది చర్మం వేడి. వడదెబ్బ లోపలి వేడికి సంబంధించింది. అది 40 డిగ్రీలు దాటిందని మణికట్టు చెప్పలేదు. పక్కవాడు తడబడి మాట్లాడుతుంటే, అడిగినదానికి పొంతన లేని జవాబు చెప్తుంటే, అతని వాచీలో ఏ అంకె ఉందో చూస్తూ నిలబడకండి. నీడకు తీసుకుపోండి, ఒంటి మీద నీళ్లు పోయండి, 108కి ఫోన్ చేయండి.

ఫోన్ కెమెరాను మరిచారు

అందరూ వాచీల గురించి అడుగుతారు. లాంగ్ జంప్, షాట్‌పుట్ కూడా ఈవెంట్సే కదా! మగవాళ్లకు 4 మీటర్ల దూకుడు, 7.26 కిలోల గుండు 6 మీటర్లు. ఆడవాళ్లకు 2.5 మీటర్ల దూకుడు, 4 కిలోల గుండు 4 మీటర్లు. వీటికి వాచీ దండగ. ఫోన్‌లో స్లో మోషన్ వీడియో బంగారం. దూకే గీతకు సరిగ్గా పక్కన, నడుము ఎత్తులో ఫోన్‌ను కదలకుండా పెట్టండి. గీత మీద పడిన అడుగు ఎక్కడుంది, ముందు రెండడుగులు చిన్నవై వేగం తగ్గుతున్నదా, దిగేటప్పుడు చేయి వెనక్కి ఆనుతున్నదా, అంతా కనపడుతుంది. ఇసుకలో చేయి వెనక్కి ఆనితే అక్కడికే కొలుస్తారు. మంచిగా దూకి 20 సెంటీమీటర్లు అక్కడ పోగొట్టుకునేవాళ్లు ఎందరో. గుండు వేసేటప్పుడు మోకాలు వంగి లేస్తున్నదా, లేక చేయి ఒక్కటే తోస్తున్నదా చూడండి. 45 డిగ్రీల కోణంలో వేయాలన్న పుస్తకం లెక్క ఇక్కడ నడవదు; భుజం ఎత్తు నుంచి వదులుతాం కాబట్టి, పైకి తోయడం కంటే ముందుకు తోయడం తేలిక కాబట్టి, దానికంటే తక్కువ కోణమే మేలు.

కొండగట్టు దగ్గర ఉన్నవాళ్లు ఎత్తు ఎక్కే సాధన చేస్తే కాళ్లకు బలం. అక్కడ వాచీలో వేగం చూడకండి, ఏ అర్థమూ ఉండదు. ఊపిరి చూడండి.

పట్టించుకోనవసరం లేని అంకెలు

క్యాలరీలు. అమెరికాలో స్టాన్‌ఫర్డ్ యూనివర్సిటీవాళ్లు 2017లో 60 మందికి ఏడు రకాల పరికరాలు కట్టి పరీక్షించారు. గుండె వేగాన్ని ఏడింటిలో ఆరు 5 శాతం లోపు తేడాతో చెప్పాయి. క్యాలరీల దగ్గర అన్నింటికంటే నయమైన పరికరమే సగటున 27 శాతం తప్పింది; అన్నింటికంటే చెడ్డది 93 శాతం. కాబట్టి "500 కరిగినయి" అని తెర మీద చూసి రెండు మిర్చి బజ్జీలు ఎక్కువ తినే ముందు ఆలోచించండి.

పది వేల అడుగులు. ఇది డాక్టర్లు తేల్చిన లెక్క అనుకుంటాం. 1964 టోక్యో ఒలింపిక్స్ ఊపులో, ఆ మరుసటి ఏడాది, జపాన్‌లో ఒక కంపెనీ అమ్మిన అడుగుల మీటరు పేరు అది. ఐ-మిన్ లీ బృందం 16,741 మంది పెద్దవయసు ఆడవాళ్ల మీద చేసి 2019లో ప్రచురించిన అధ్యయనంలో రోజుకు 4,400 అడుగుల దగ్గరే మరణాల ముప్పు బాగా తగ్గింది, 7,500 దాటాక అదనపు మేలు కనపడలేదు. మీ నాయనకు బ్యాండు కొనిచ్చి పది వేలు కాలేదని సతాయించకండి. అన్నట్టు, రోజంతా వంగి నాటు వేసిన అమ్మ చేతికి ఈ బ్యాండు కడితే ఆ చాకిరీలో సగమైనా అందులో పడదు. బురదలో పని చేసే మనిషిని దృష్టిలో పెట్టుకుని వాటిని ఎవరూ తయారు చేయలేదు.

బరువు తగ్గేందుకు బ్యాండు కొంటే చాలు అనుకునేవాళ్లకు పిట్స్‌బర్గ్ యూనివర్సిటీ అధ్యయనం ఒక చన్నీళ్ల స్నానం. 2016లో వెలువడింది. 471 మంది యువతీయువకులు, రెండేళ్లు. అందరికీ తిండి, వ్యాయామం విషయంలో సలహాలు అందాయి. కొందరికి పరికరం కూడా ఇచ్చారు. పరికరం కట్టుకున్నవాళ్లు సగటున 3.5 కిలోలు తగ్గితే, లేనివాళ్లు 5.9 కిలోలు తగ్గారు. అంకె చూసుకోవడమే పని అనుకునే ప్రమాదం అందరికీ ఉంది.

యాప్ జోస్యం గురించీ ఒక మాట. "మీరు 1600 మీటర్లు ఇంతలో కొట్టగలరు" అని చెప్పే యాప్‌లున్నాయి. వరంగల్ జిల్లా కల్లెడ బిడ్డ జీవంజి దీప్తిని గుర్తు తెచ్చుకోండి. 2024 మేలో జపాన్‌లోని కోబేలో పారా అథ్లెటిక్స్ టీ20 (మేధో వైకల్యం ఉన్నవాళ్ల) విభాగం 400 మీటర్లను 55.07 సెకన్లలో ఉరికి ప్రపంచ రికార్డు పెట్టింది. సెప్టెంబరులో పారిస్ పారాలింపిక్స్ హీట్స్‌లో తుర్కియే అమ్మాయి ఐసెల్ ఒండెర్ 54.96తో ఆ రికార్డు దాటింది. మరునాడు ఫైనల్లో స్వర్ణం వీళ్లిద్దరిలో ఎవరికీ రాలేదు. ఉక్రెయిన్ అమ్మాయి యూలియా షూలియార్ 55.16తో గెలిచింది. ఒండెర్‌కు రజతం, 55.82తో దీప్తికి కాంస్యం. కూలి పని చేసుకునే తల్లిదండ్రుల బిడ్డ పారిస్‌లో పతకం మెడలో వేసుకుంది, అంతకంటే గొప్ప సంగతి ఏముంది? కానీ అంకెల సంగతి చూడండి: మేలో దీప్తి ఉరికిన టైము పారిస్‌లో స్వర్ణం టైము కంటే మెరుగు. నిన్నటి అంకె ఇవాళ ఉరకదు, ప్రపంచ రికార్డు అయినా సరే. మీ యాప్ జోస్యం ఎంత?

ఆడపిల్లలకు, యూనిఫాం ఆశించేవాళ్లకు

పరుగు యాప్‌లలో మీ దారి అందరికీ కనపడేలా ఉందేమో ఇవాళే చూసుకోండి. స్ట్రావా అనే యాప్ 2017 నవంబరులో ప్రపంచమంతా జనం ఎక్కడెక్కడ ఉరుకుతున్నారో చూపే మ్యాపు బయటపెట్టింది. రెండు నెలలకు దాంట్లో సైనిక స్థావరాల ఆనవాళ్లు కూడా కనపడుతున్నాయని గోలయింది. ఎడారిలో సైనికులు జాగింగ్ చేసిన దారులు వెలిగిపోయాయి. సైనికులకే ఆ గతి పట్టింది. చీకటితో లేచి ఒంటరిగా ఉరికే అమ్మాయి ఇల్లు ఎక్కడ, ఏ దారిలో, ఏ సమయానికి పోతుంది అనేది ఊరందరికీ తెలియాల్సిన పని లేదు. మ్యాపును ప్రైవేటులో పెట్టండి, ఇంటి చుట్టుపక్కల దారిని దాచండి. లైవ్ లొకేషన్ మాత్రం అమ్మకో అన్నకో వాట్సాప్‌లో పంపండి. ఫోన్ వల్ల సాధనలో వచ్చే మేళ్లలో నేను దీన్నే ముందు వరుసలో పెడతాను.

డబ్బు మాట

ఈఎంఐ మీద వాచీ కొనే ఆలోచన ఉంటే ఆపండి. మొదటి రూపాయి బూట్లకు. రెండోది పాలకు, గుడ్లకు, పల్లీలకు. ల్యాపు నొక్కే సౌకర్యమున్న చవక డిజిటల్ వాచీ గ్రౌండ్ సాధనకు సరిపోతుంది. ఎవరిదైనా స్మార్ట్‌వాచీ ఉంటే నలుగురూ వారానికొకరు కట్టుకోండి. తన గుండె 145 దగ్గర ఎట్లుంటుందో ఎవరికి వారు ఒకసారి తెలుసుకుంటే చాలు. రాసుకోవడానికి నోటుబుక్కు మాత్రం ఎవరిది వారికే ఉండాలి.

పోయినసారి ఈవెంట్స్ దాటి కొలువు తెచ్చుకున్న అన్నలకు, అక్కలకు ఒక విన్నపం. సెలవు మీద ఊరికి వచ్చినప్పుడు ఒక పొద్దున గ్రౌండ్‌కు రండి. టేపు పట్టి 200 మీటర్ల గీతలు సరి చూడండి. ఏ లేనులో ఉరకాలో పిల్లలకు చూపించండి. గీత దగ్గర నిలబడి, దాటిన ప్రతి ఒక్కరి అంచనా ముందు అడిగి, తర్వాత అసలు టైము గట్టిగా చెప్పండి. మందలో మొదటి నూరు మీటర్లు ఎట్లా ఓపిక పట్టాలో మీకు తెలిసినంతగా ఏ యాప్‌కూ తెలియదు. స్టాప్‌వాచ్ మీ ఫోన్‌లో ఎట్లాగూ ఉంది.